నవ్వుతూ ఒక్క ఫొటో

ఎజ్రాకి నటించడం రాదన్న సంగతి షూటింగు మొదలైన వారంలోనే తేలిపోయింది. ఏళ్ళ తరబడి స్టేజీల మీద పాడిన మనిషి. గిటారు భుజాన తగిలించుకుని, చివరి వరుసలో పల్లీలు నములుతున్నవాడు కూడా తలెత్తి చూసేలా గొంతు చించుకోవడం అలవాటైన మనిషి. అలాంటివాణ్ణి పట్టుకొచ్చి, కొల్లేటి గట్టు మీద ఓ పాక వేసి, ఆ పాక ముందు నిలబెట్టి, "అమ్మా, అన్నం పెట్టు" అనమన్నారు. అవతలి చెరువులో గూడబాతులు లేచిపోయేలా అన్నాడు.

డైరెక్టరు శ్యామ్ సుందర్ హైదరాబాదు నుంచి వచ్చినవాడు. కోపం తెచ్చుకోలేదు. దగ్గరికొచ్చి భుజం మీద చెయ్యేశాడు.

"ఎజ్రా గారూ, మీరేం చెయ్యకండి. ఆకలేస్తోందని మనసులో అనుకోండి, చాలు. మిగతాది కెమెరా చూసుకుంటుంది."

ఏమీ చెయ్యకుండా ఉండడం చెప్పినంత తేలిక కాదు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియదు. గిటారు ఉంటే చేతులకు ఓ పని ఉండేది. అది లేని చేతులు అరువు తెచ్చుకున్నవాటిలా వేలాడుతున్నాయి. అయినా మొండివాడు కాబట్టి నేర్చుకున్నాడు. రెండో వారానికి గొంతు దిగింది. మూడో వారానికి కనుబొమలు కదపడం మానేశాడు. "ఇప్పుడు దారిలో పడ్డారు," అన్నాడు శ్యామ్ సుందర్.

పాటగాడు సినిమా దారిలో ఎలా పడ్డాడో కాస్త చెప్పుకోవాలి. ఎజ్రా వాళ్ళది ఏలూరు పవర్‌పేట. తండ్రి మిషన్ స్కూల్లో లెక్కలు చెప్పి రిటైరయ్యాడు. చర్చి క్వయర్‌లో గిటారు పట్టిన కొడుకు అక్కడితో ఆగి ఉంటే ఆయనకు సంతోషంగా ఉండేది. ఆగలేదు. తాడేపల్లిగూడెంలో ఏంజెల్ అనే అమ్మాయి బేస్ గిటారు వాయిస్తుందని విని వెతుక్కుంటూ పోయాడు. మండవల్లి అవతల ఓ లంక ఊళ్ళో, పండగకి ముందే జరుపుకునే సెమీ క్రిస్మస్ కూడికలో, మధుబాబు డ్రమ్స్ వాయిస్తుంటే విని, ప్రార్థన అయ్యేదాకా నిలవలేక చర్చి బయట అటూ ఇటూ తిరిగాడు. ముగ్గురూ కలిసి బ్యాండు పెట్టి దానికి కిక్కిస అని పేరు పెట్టుకున్నారు. ఎవరూ నాటకుండా కొల్లేటి నిండా మొలిచే, ఎంత కోసినా చావని గడ్డి అది. పేరు మధుబాబే పెట్టాడు.

గూడెం ఉల్లిపాయల మార్కెట్టు వెనక ఏంజెల్ మేనమామకి ఓ గొడౌను ఉంది. ఆదివారం ఆరాధన అయ్యాక ముగ్గురూ అక్కడ చేరేవారు. డ్రమ్ములకు కూడా ఉల్లి వాసన పట్టింది. చేపల చెరువుల్లో నీళ్ళకి గాలి పట్టించడానికి తిరిగే ఏరేటర్ల మోత మీదా, కంపు కొట్టే కాలువ మీదా, బీటెక్ చదివి మేత బస్తాలు మోసేవాడి మీదా పాటలు కట్టుకున్నారు. "ఇది పాటా, బోరు మోటారు చెడిపోయిందా?" అని ఎజ్రా తండ్రి అడిగేవాడు. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. వీళ్ళు బెంగుళూరులోనూ హైదరాబాదులోనూ ఫోన్లలో వినే కొద్దిమంది దగ్గర కాస్త గెలిచారు గానీ, ఏలూరులో పక్కింటివాళ్ళకి కూడా వీళ్ళెవరో తెలియదు.

ఓ సెప్టెంబరులో కొల్లేరు పొంగింది. కైకలూరు రోడ్డు మీద నీళ్ళు పారుతున్నాయి, వెళ్ళొద్దని ఎజ్రా చెప్పాడు, ఏంజెల్ చెప్పింది, దారిలో పోలీసులు చెప్పారు. లంకలో అమ్మా నాన్నా ఇద్దరే ఉన్నారని మధుబాబు బండి తీశాడు. నీళ్ళు తగ్గాక కిక్కిసలో దొరికాడు. ఆ తర్వాత బ్యాండు పేరు ఎవరైనా అంటే ఎజ్రా మాట మార్చేసేవాడు.

మధుబాబు వాళ్ళలో ఓ పద్ధతి ఉంది. మనిషి పోతే ఇంటి ముందు షామియానా వేసి, శవపెట్టె మూత తీసి ఉంచుతారు. తల్లో, భార్యో తడిగుడ్డతో మొహం తుడిచి, తల దువ్వి, పౌడరు రాస్తుంది. ఊరంతా వచ్చి కడసారి చూసుకుంటారు. పాట పాడతారు. అన్నీ అయ్యాక పాస్టరుగారు తలూపితే మూత వేస్తారు. మధుబాబు విషయంలో ఇవేమీ జరగలేదు. నీళ్ళలో నానిన ఒంటిని ఆస్పత్రిలోనే ప్లాస్టిక్‌లో చుట్టి, పెట్టెలో పెట్టి, మేకులు కొట్టి పంపారు. తెరవొద్దని పాస్టరుగారూ సంఘపెద్దలూ గట్టిగా చెప్పారు. మంచికే చెప్పారు. తల్లి నిర్మల మాత్రం పెట్టె మీద పడి, "ఒక్కసారి తియ్యండయ్యా, మావాడో కాదో చూసుకుంటాను" అని అందరి కాళ్ళూ పట్టుకుంది. ఎవరూ తియ్యలేదు. అలాగే మట్టి చేసేశారు.

అప్పటినుంచి రోడ్డు మీద బండి చప్పుడైతే ఆమె గుమ్మంలోకి వచ్చి నిలబడుతుంది. పెట్టెలో ఎవరున్నారో తనకేం తెలుసు అంటుంది. మొగుడు ఏసోబు చేపల చెరువు దగ్గర కాపలా. అతను నచ్చజెప్పి నచ్చజెప్పి ఊరుకున్నాడు. ఎజ్రా నెలకోసారైనా ఆ ఇంటికి వెళ్ళొచ్చేవాడు. నిర్మలని పిన్నీ అంటాడు. వెళ్ళినప్పుడల్లా ఆమె కొడుక్కి వండినట్టే వండి పెట్టేది. తన సొంత ఇంట్లో కూడా అంత చనువుగా కంచం ముందు కూర్చునేవాడు కాదు.

మధుబాబు పోయాక ఎజ్రా ఒక్క పాట కట్టాడు. డ్రమ్స్ లేకుండా, ఉత్త గిటారు మీద. అది ఎలా తిరిగిందో తిరిగి శ్యామ్ సుందర్ చెవిన పడింది. కొల్లేటి మీద సినిమా తీస్తున్నాననీ, కొత్త మొహం కావాలనీ ఏలూరు వచ్చి కలిశాడు. టీ తాగుతూ, ఆ పాట వెనక కథేమిటని అడిగాడు. ఎజ్రా చెప్పాడు. అన్నీ చెప్పాడు, మేకులతో సహా. ఎదుటివాడు అంత శ్రద్ధగా వింటుంటే ఆపబుద్ధి కాలేదు. పాటలకి ఎన్నడూ దొరకని శ్రోత ఆ సాయంత్రం దొరికాడు మరి.

షూటింగు సగంలో ఉండగా చివరి సీన్ల కాగితాలు చేతికొచ్చాయి. కథలో ఎజ్రా వేసే కుర్రాడు వరదలో పోతాడు. ఇంటి ముందు పెట్టె. తల్లి మొహం తుడుస్తుంది. మూత తీసే ఉంది. అక్కడొక్కటే మార్చారు.

ఏంజెల్‌కి ఫోన్ చేశాడు. ఆమె ఏలూరులో ఓ ప్రైవేటు ఆస్పత్రిలో ఉద్యోగానికి చేరిపోయింది. బేస్ గిటారు మంచం కింద ఉంది.

"నువ్వు వేషం వేస్తున్నావా, వాడి బట్టలు వేసుకుంటున్నావా?" అంది. జవాబు కోసం ఆగకుండా డ్యూటీ ఉందని పెట్టేసింది.

మింగలేక కక్కలేక ఆ రాత్రి గడిపి, మర్నాడు షూటింగు లేకపోవడంతో లంకకి వెళ్ళాడు. నిర్మల వాకిట్లో కూర్చుని చేటలో బియ్యం ఏరుతోంది. ఏసోబు అప్పుడే చెరువు మీంచి వచ్చి కాళ్ళు కడుక్కుంటున్నాడు.

"వందనాలు పిన్నీ."

"వందనాలు బాబూ. దా, కూచో. చిక్కిపోయావేంటి, సినిమావాళ్ళు తిండి పెట్టట్లేదా?"

"పెడతన్నారు గానీ, మీకో మాట చెప్పాలి పిన్నీ. ఆ సినిమాలో నేను వరదలో పోతాను. పెట్టెలో పెడతారు. మన మధు సంగతి నేనే చెప్పాను వాళ్ళకి. నాదే తప్పు. మీరొద్దంటే ఆ సీను చెయ్యనని చెప్పేస్తాను."

ఆమె వేళ్ళు బియ్యంలో ఆగిపోయాయి.

"పెట్టె మూత తీసుంటదా?" అంది.

"ఆఁ?"

"మూత బాబూ. తీసుంటదా, ఏసేసుంటదా?"

"తీసే ఉంటది పిన్నీ."

చేటని పక్కన పెట్టింది. ఎజ్రా మొహాన్ని ఎప్పుడూ చూడనట్టు చూసింది. నుదురు, ముక్కు, గడ్డం వరసగా చూసింది.

"మీరిద్దరూ ఒకటే ఒడ్డూ పొడుగూ. చర్చిలో ఎనకనించి చూసి ఎన్నిసార్లు నిన్ను వాడనుకున్నానో. నన్ను ఒక్కసారి నీ దగ్గిరికి రానిస్తారేమో అడుగుతావా? ఏడవను. ఆళ్ళ పనికి అడ్డం రాను. మొహం తుడిచి, ఇంత పౌడరు రాసి, మూత ఏసిందాకా ఉండి వచ్చేస్తాను. ఆరోజు అయ్యేమీ జరగలేదు నాకు. నువ్వు మాత్రం కళ్ళు తెరవకు. మూత పడేదాకా తెరవకు."

"ఏంటే ఆ మాటలు," అన్నాడు ఏసోబు. "బతికున్న పిల్లాణ్ణి పట్టుకుని."

ఆమె అతని వంక చూడనైనా చూడలేదు. ఎజ్రాకి భయమేసింది. కాదనడానికి మాత్రం మనసు రాలేదు. ఈ ఇంట్లో తిన్న అన్నానికి ఆ మాత్రం పడుకోలేడా? ఏసోబు రోడ్డుదాకా సాగనంపుతూ వచ్చి, చివరికి "అడుగు బాబూ" అని వెనక్కి తిరిగాడు.

శ్యామ్ సుందర్ అడగ్గానే ఒప్పుకున్నాడు. అంత తొందరగా ఒప్పుకున్నందుకే అనుమానించి ఉండాల్సింది.

"ఆవిడ సీన్లో కనపడకూడదండీ," అన్నాడు ఎజ్రా. "సీనంతా అయ్యాక, కెమెరా ఆపేశాక, ఆవిడని ఒక్కదాన్నే రానివ్వాలి."

"తప్పకుండా. సినిమా కంటే మనుషులు ముఖ్యం ఎజ్రా గారూ. నేను మాటిస్తున్నాను."

మండవల్లి పక్కనే ఓ ఊళ్ళో పొద్దున్నే షామియానా వేశారు. ఏడవడానికి గూడెం నుంచి రెండు బస్సుల జనం దిగారు. ఇడ్లీలు తిని, చేతులు కడుక్కుని, ఎవరి చోట వాళ్ళు కూర్చుని, చెప్పినప్పుడల్లా ఏడ్చారు. ఎజ్రాకి పెదాలకు నీలం, కళ్ళ కింద బూడిద రంగు పులిమి, ముక్కులో దూది పెట్టి పెట్టెలో పడుకోబెట్టారు. తెల్లగుడ్డ కింద చెక్క వీపుకి గట్టిగా తగులుతోంది. ఇన్నాళ్ళూ నేర్చుకున్నదంతా అక్కడ పనికొచ్చింది. ఏమీ చెయ్యక్కర్లేదు. అతను చేసిన వేషాలన్నిట్లోకీ శవం వేషమే బాగా కుదిరింది. సినిమా తల్లి గుండెలు బాదుకుంటూ మీద పడినా రెప్ప కదల్లేదు.

మధ్యాహ్నం దాటాక "కట్" అని వినిపించింది. "షాట్ ఓకే. ఎజ్రా గారూ, అలాగే ఉండండి. అమ్మగారిని పంపిస్తున్నాం."

నేలమీద అడుగులు దగ్గరయ్యాయి. కుంకుడురసం వాసనా, ఎండుచేపల వాసనా కలిసి వచ్చాయి. నిర్మల పెట్టె పక్కన చతికిలబడింది.

అప్పుడు ఎజ్రాకి ఓ సంగతి తట్టింది. సెట్ మీద కట్ అంటే సంత లేచినట్టే. కుర్చీలు లాగుతారు, ఫోన్లు మోగుతాయి, టీ ఏదని ఒకడూ గొడుగేదని ఒకడూ అరుస్తారు. ఇప్పుడు ఏ చప్పుడూ లేదు. రెండు బస్సుల జనం, యూనిట్ అంతా అక్కడే ఉన్నారు, ఒక్కరు దగ్గలేదు. ఈ నిశ్శబ్దాన్ని అతను ఎరుగును. రికార్డింగు స్టూడియోలో తలుపు మీద ఎర్రబల్బు వెలిగాక గదిలో ఉండే నిశ్శబ్దం ఇది. కెమెరా తిరుగుతోంది.

కళ్ళు తెరిస్తే అయిపోతుంది. లేచి కూర్చుంటే ఆ షాటు దేనికీ పనికిరాదు. కానీ లేచి కూర్చుంటే ఆమె కొడుకు లేచి కూర్చున్నట్టే. రెండేళ్ళుగా ఆమె అడుగుతున్నది ఈ కాసేపే. ముందు నుయ్యి, వెనక గొయ్యి. రెప్పల వెనక కళ్ళు మండిపోతున్నాయి. తడిగుడ్డ నుదుటికి తగిలింది.

"ఎంత నల్లబడిపోయావు నాన్నా," అంది నిర్మల.

పెదాల మీది నీలం తుడిచింది. కళ్ళ కింద రంగు తుడిచింది. చెవుల వెనక కూడా తుడిచింది, చిన్నపిల్లలకి తుడిచినట్టు. దువ్వెన తీసి పాపిడి తీసింది. ఎజ్రా పాపిడి ఎడమవైపు. ఆమె కుడివైపుకి తీసింది. మధుబాబుది కుడివైపే.

"మీ నాన్న రాలేనన్నాడు. చెరువు కాడే కూచున్నాడు. నేను వచ్చాను. ఆరోజు కూడా వచ్చాన్రా, నన్ను చూడనియ్యలేదు." పౌడరు డబ్బా మూత తిప్పిన చప్పుడు. చల్లగా అరచెయ్యి చెంపల మీద తిరిగింది. గొంతు ఇంకా దించింది. "నీకొక మాట చెప్పాలి. ఆరోజు నువ్వు ఫోన్ చేసి బయల్దేరుతున్నానమ్మా అన్నావే, రోడ్డు మీద నీళ్ళున్నాయని అప్పటికే తెలుసు నాకు. రావద్దని చెప్పబోయాను. నాకు భయమేసి, నువ్వొస్తే బాగుండునని నోరు మూసుకున్నాను. మీ నాన్నకి చెప్పలేదు ఈ మాట. ఎవరికీ చెప్పలేదు. ఇదుగో, నీకు చెబుతున్నాను."

ఎజ్రా ఊపిరి బిగబట్టాడు. లే అని ఒంట్లో ప్రతి ఎముకా చెబుతోంది. లేవలేదు. ఆమె వంగి నుదుటి మీద ముద్దు పెట్టుకుంది.

"వెయ్యండయ్యా," అంది, మామూలు గొంతుతో.

మూత పడింది. చీకట్లో కళ్ళు తెరిచాడు. కన్నీళ్ళు చెవుల్లోకి కారాయి. బయటినుంచి ఓ అరచెయ్యి మూతని రెండుసార్లు తట్టింది, నిద్రపొమ్మన్నట్టు. ఆ తర్వాత, కాసేపటికి, "కట్!" అన్న గొంతు. అసలైన కట్. వెంటనే చప్పట్లు.

మూత తీసేసరికి మొహం మీదికి వెలుతురూ, హారతి కర్పూరం పొగా ఒక్కసారి వచ్చిపడ్డాయి. ప్రొడక్షన్ మేనేజరు బుచ్చిబాబు గుమ్మడికాయ పట్టుకుని సిద్ధంగా ఉన్నాడు.

"పెట్టెలోనే కూర్చోండి, దిగకండి. శవం వేషం కట్టినోళ్ళు లేవగానే నవ్వుతూ ఒక్క ఫొటో దిగాలండి. అలా దిగకపోతే కీడండి. సినిమావాళ్ళ పద్ధతండి ఇది."

"మేం ఇలాంటివి నమ్మమండీ. ఆవిడ వెళ్ళాక దిగుతాను."

"నమ్మకపోయినా ఒకటేనండి, నవ్వితే పోయేదేముందండి. ఇంట్లో పెద్దోళ్ళున్నారా లేదా మీకు? ఆయ్, ఇటు చూడండి బాబూ, ఇటు."

దిష్టి తీసి గుమ్మడికాయ నేలకేసి కొట్టాడు. అది పగలలేదు. దొర్లుకుంటూ పోయి డైరెక్టరు కాలికి తగిలి ఆగింది. జనమంతా గొల్లుమన్నారు. పొద్దుటినుంచీ చెక్కలో బిగుసుకున్న ఒంటికి ఏం పట్టిందో ఏమో, ఎజ్రాకి నవ్వు వచ్చేసింది. నటన కాదు, నిజం నవ్వు. కడుపులోంచి తన్నుకొచ్చింది. పెట్టె అంచులు పట్టుకుని, పౌడరు మొహంతో, పళ్ళన్నీ కనపడేలా నవ్వాడు. ఫొటోగ్రాఫరు టకటకా తీశాడు.

నవ్వు ఆగాక చూస్తే, షామియానా గుంజ దగ్గర నిర్మల నిలబడి ఉంది. వెళ్ళబోతూ చప్పుడుకి వెనక్కి తిరిగినట్టుంది. పౌడరు డబ్బా చేతిలోనే ఉంది. అతను పెట్టె దిగేలోపల వెళ్ళిపోయింది.

సాయంత్రం శ్యామ్ సుందర్‌ని నిలదీశాడు.

"మాటిచ్చారు మీరు."

"ఇచ్చాను. తప్పే. కానీ కెమెరా తిరుగుతోందని మీకు తెలిసింది కదా? మీ మెడ దగ్గర నరం కొట్టుకోవడం చూశాను నేను. లేవచ్చు మీరు. లేవలేదు. అందుకే ఆ సీను అంత బాగా వచ్చింది."

ఆమె కోసమే లేవలేదని ఎజ్రా అనబోయాడు. నిజంగా ఆమె కోసమేనా? చెక్కలో పడుకుని, మొట్టమొదటిసారి తనకి నటన వచ్చిందని తెలిసిన ఆ క్షణంలో, సీను చెడగొట్టబుద్ధి కాలేదేమో. ఎంత తవ్వినా తేలలేదు. తనంటే తనకే అసహ్యం వేసింది.

షూటింగు ముగిసింది. శ్యామ్ సుందర్ తర్వాతి సినిమాకి కూడా మాట్లాడుకున్నాడు, హైదరాబాదు వచ్చెయ్యమన్నాడు. వెళ్ళే ముందు జరిగింది నిర్మలకి చెప్పకపోతే తనకి తిన్నది ఒంటబట్టదని ఎజ్రా లంకకి బయల్దేరాడు. ఆమె ఏడిస్తే, తిడితే, ఆ సీను తీసెయ్యమని కాళ్ళు పట్టుకోవడానికైనా, కోర్టుకెళ్ళడానికైనా సిద్ధపడే వెళ్ళాడు.

వాకిట్లో ఎవరూ లేరు. ఏసోబు గట్టు మీద మేత కలుపుతూ కనిపించాడు గానీ దగ్గరికి రాలేదు.

"వందనాలు పిన్నీ," అన్నాడు గుమ్మంలో నిలబడి.

లోపల కదలిక వినిపించింది. కాసేపటికి తలుపు వెనకనుంచి గొంతు వచ్చింది.

"అక్కడే ఉండి చెప్పు బాబూ."

చెప్పాడు. కట్ అన్నది అబద్ధమనీ, ఆమె మాటలన్నీ రికార్డయ్యాయనీ, ఫోన్ సంగతి కూడా అందులో ఉందనీ, తనకి తెలిసి కూడా లేవలేదనీ, అన్నీ తలుపుకి చెప్పాడు.

"తీసుకుంటే తీసుకోనీ," అంది నిర్మల. "ఆ మాట మీ బాబాయికి ఆ రాత్రే చెప్పేశాను. వాడికి చెప్పాక ఇంక దాయాలనిపించలేదు. లోకం వింటే విననీ. నిజమే కదా."

ఎజ్రాకి గుండెలమీంచి బండ దిగినట్టయింది. "మరి నా మీద కోపం లేదు కదా పిన్నీ?"

"కోపం కాదు బాబూ. నువ్వు నవ్వావు."

"అది సినిమావాళ్ళ పద్ధతి పిన్నీ. కీడు పోవడానికంట. నేను వద్దన్నాను..."

"తెలుసు. ఆ మేనేజరుగారు నాకూ చెప్పాడు. నీ మంచికే. నీకు కీడు జరగాలని నేనెందుకు అనుకుంటాను? కానీ నా చేత్తో తుడిచి, నా చేత్తో పౌడరు రాసి పంపించాను వాణ్ణి. అయిపోయిందనుకున్నాను. తిరిగి చూద్దును కదా, లేచి కూచుని నవ్వుతున్నాడు. ఇప్పుడు కళ్ళు మూస్తే అదే. వాడు పెట్టెలో కూచుని నన్ను చూసి నవ్వుతున్నాడు. వాడు వరదలో పోయాక ఇన్నాళ్ళూ, కళ్ళు మూస్తే వాడికి మొహమే లేదు నాకు. అదే నయం."

ఎజ్రా గుమ్మం పట్టుకుని నిలబడ్డాడు. చెప్పుకోవడానికి తెచ్చుకున్న తప్పు వేరు, చేసిన తప్పు వేరు. దీనికి కోర్టు లేదు, కాళ్ళు పట్టుకోవడానికి మనిషీ లేడు.

"నేనేం చెయ్యను పిన్నీ?" అన్నాడు. ఏడుపు వచ్చేసింది.

తలుపు తెరుచుకుంది. నిర్మల కొంగు కళ్ళమీదికి లాక్కుని, అతని మొహం కనపడకుండా నిలబడింది.

"లోపల మంచం మీద పడుకుంటావా? కళ్ళు మూసుకో. ఈసారి నవ్వకు. నేను గుడ్డ కప్పి, దొడ్డిగుమ్మం తీసి, చర్చికి వెళ్ళిపోతాను. నేను వెళ్ళాక లేచి ఆ గుమ్మంలోంచి వెళ్ళిపో బాబూ. మళ్ళీ రావద్దు. నువ్వొస్తే వాడు లేచొచ్చినట్టే ఉంటది నాకు."

ఆ మంచం మీద పడుకున్నాడు. మధుబాబు మంచం. కెమెరా లేదు, చెప్పేవాడు లేడు. ఆమె తడిగుడ్డ తెచ్చి అతని కన్నీళ్ళు తుడిచింది. అవి మళ్ళీ వచ్చాయి. ఆగేదాకా ఓపిగ్గా కూర్చుని, పౌడరు రాసింది. ఈసారి ఒక్క మాట కూడా మాట్లాడలేదు, ముద్దు పెట్టుకోలేదు. ఉతికిన దుప్పటి కాళ్ళనుంచి మొహం దాకా కప్పింది. దొడ్డిగుమ్మం గడియ తీసిన చప్పుడు, వీధిలోకి అడుగులు, ఆపైన దూరంగా ఏరేటర్ల మోత.

చాలాసేపు ఉండి లేచాడు. దుప్పటి మడత పెట్టబోయి, మంచం మీద అలాగే వదిలేశాడు. చెప్పులు వీధి గుమ్మంలో ఉన్నాయి. అటు వెళ్ళకుండా వట్టికాళ్ళతో దొడ్డిదారిన గట్టెక్కాడు. ఏసోబు మేత బస్తా పక్కన నిలబడి ఉన్నాడు. ఎదురుగా, చెయ్యి చాస్తే తగిలేటంత దగ్గరగా నడిచి వెళ్ళాడు ఎజ్రా. ఏసోబు నీళ్ళ వంక చూస్తూ దోసిలితో మేత చల్లుతూనే ఉన్నాడు, ఆ గట్టు మీద ఎవరూ వెళ్ళనట్టు.